పందియు వరాహమును

ఆళ్లగడ్డ నుండి తూర్పుగా సాగి నల్లమల అంచున కొండలలో దూరు బాట అహోబిలమునకు పోవును. దిగువను ప్రహ్లాదవరదుని కోవెల. ఎగువను గుహలో ఉగ్రమూర్తి. కొండలు, కోనలు, భవనాశినీ ప్రవాహము. వీని నడుమ అక్కడక్కడ నవనారసింహుల సన్నిధులు. వానిలో ఒకటి క్రోడ నారసింహునిది. క్రోడమనగా వరాహము. భూదేవిని కోరపై నిలిపి పైకెత్తిన దేవుడు ఇచట నారసింహుని పేరుతో కలిసి పూజలందుచున్నాడు. యాత్రికుడు చెప్పులు విడిచి, తల వంచి, ఆ వరాహమూర్తికి నమస్కరించి కొండ దిగును. దిగివచ్చి, దారిలో అడ్డుపడిన పందిని "ఛీ" యని అదలించును. ఆ రెండు పనులకు నడుమ గడచినది ఏ రెండు గంటల కాలమో! ఆ కాలములో జంతువు మారలేదు. పేరు మాత్రము మారినది.

ఈ చిన్న వైరుధ్యమే నేడు కొన్ని యిండ్ల వంటగదులలో తగవుగా తలయెత్తుచున్నది. ఆళ్లగడ్డ, నంద్యాల, కడప వంటి ఊళ్లనుండి చదువులకై, కొలువులకై పెద్ద నగరములకు పోయిన పిల్లలు అచట తిన్న వంటకములను ఇంటికి వచ్చినప్పుడు చేయబూనుట ఇప్పుడు వింత కాదు. అట్టి యొక యింటిని ఊహించుకొనవచ్చును. కొడుకో కూతురో కారము దట్టించిన చీనా నూడుల్సు చేసి, పైన వేయించిన పందిమాంసము చల్లి, తల్లిదండ్రులకు పెట్టవలెనని ముచ్చటపడుదురు. పొయ్యి వెలిగింపకముందే పెద్దలు రెండు ఆక్షేపణలు తెచ్చెదరు. మొదటిది: "అది పరాయిదేశపు తిండి." రెండవది: "అది పందిమాంసము." మొదటి మాటను గొంతెత్తి చెప్పుదురు. రెండవ మాటను గొంతు తగ్గించి చెప్పుదురు. తగ్గించిన గొంతులోనే అసలు విషయమున్నది. ఆ విషయము వంటింటితో ఆగక బడివరకు నడచి వచ్చుచున్నది గనుక, ఉపాధ్యాయులును విద్యార్థులును ఈ రెండు ఆక్షేపణలను విడివిడిగా పరిశీలించుట అవసరము.

మొదట ఆ వంటకమేదో తెలిసికొనవలెను. చీనా దేశపు నైరుతి భాగమున సిచువాన్ అను రాష్ట్రము కలదు. తెలుగునాట భోజనశాలల పలకలపై "షెజ్వాన్" అని కనిపించు మాట ఆ రాష్ట్రపు పేరే. అచటి వీధులలో పూర్వము కొందరు వర్తకులు భుజముపై వెదురుబద్ద వేసికొని, ఒక కొసన పొయ్యిని, మరియొక కొసన నూడుల్సును, సంబారములను వ్రేలాడదీసి తిరుగుచు అమ్మెడివారు. ఆ బద్దను చీనీయులు "దాన్" అందురు. అందుచేత ఆ వంటకమునకు "దాన్ దాన్" నూడుల్సు అని పేరు వచ్చెను. తెలుగులో చెప్పవలసివచ్చినచో అది కావడి వంటకము. కావడి మోసి బ్రతికినవారి శ్రమ ఆ పేరులో నిలిచినది.

చేయు విధానము కష్టమైనది కాదు. సన్నగా కొట్టిన పందిమాంసమును కొద్ది నూనెలో, తడి ఇగిరి పొడిపొడిలాడు వరకు వేయింతురు. అల్లము, వెల్లుల్లి, సోయా రసము చేర్చుదురు. ఉప్పులో ఊరవేసిన ఆవకూర కాడలను తరిగి కలుపుదురు. వేరుగా, ఎండుమిరపకాయల పొడిపై కాగిన నూనె పోసి, ఎర్రని తైలము సిద్ధము చేయుదురు. గిన్నె అడుగున ఆ తైలమును, సోయా రసమును, నువ్వుల ముద్దను, కొంచెము పులుపును ఉంచి, వాని మీద ఉడికించి వార్చిన నూడుల్సును, ఆ పైన మాంసమును వేయుదురు. కొందరు వేయించి దంచిన వేరుసెనగ పప్పు చల్లుదురు. తినువాడు తానే అడుగునుండి కలుపుకొని తినును. ఒక్క దినుసు మాత్రము ఆళ్లగడ్డ అంగడిలో సులభముగా దొరకదు. అది నాలుకను తిమ్మిరెక్కించు సిచువాన్ మిరియము. తక్కినవన్నియు రాయలసీమ గృహిణికి చేతివాటముగానున్నవే. ఎండుమిర్చి, వెల్లుల్లి, నువ్వులు ఆమెకు క్రొత్తవి కావు. కర్నూలువారు బుడ్డలని పిలుచు వేరుసెనగలు అంతకంటె క్రొత్తవి కావు.

ఇక "పరాయి" అను మాటను విచారింతము గాక. కారము లేని రాయలసీమ భోజనమును ఊహించుట కష్టము. అయినను మిరపకాయ ఈ నేలది కాదు. అది అమెరికా ఖండములలో పుట్టినది. పోర్చుగీసువారు 1498లో కళ్లికోట రేవున దిగిన పిదప, వారి ఓడల వెంట పదునారవ శతాబ్దమున ఈ దేశమున అడుగిడినది. పదునాలుగవ శతాబ్దమున నృసింహపురాణమును రచించి అహోబల నారసింహునికి అంకితమిచ్చిన ఎఱ్ఱాప్రెగ్గడ మిరపకాయను ఎరుగడు. అహోబిలమున ఆదివణ్ శఠకోపయతి సన్నిధిని వేదాంతము నేర్చి, 1503లో తనువు చాలించిన తాళ్లపాక అన్నమాచార్యులును దాని రుచి చూచి యుండడు. వారి కాలపు కారము మిరియపు కారము. వేరుసెనగయు దక్షిణ అమెరికా నుండి వచ్చినదే. ఆ రెంటిని తీసివేసినచో నేటి సీమ వంట సగము చప్పబడిపోవును. పరాయిదని తోసివేయుటకు మొదలుపెట్టినచో చేయి ఎచట ఆగవలెనో ఎవరికి తెలియును?

ఇచట భాషాభ్యాసకులకు ఆసక్తికరమైన సంగతి యొకటి కలదు. క్రొత్త కాయ వచ్చినప్పుడు తెలుగువారు దానికి క్రొత్త పేరు వెదకలేదు. ఎరిగిన మిరియము పేరునే సాగదీసి "మిరపకాయ" యనిరి. అరవవారు "మిళగు" నుండి "మిళగాయ్" అనిరి. చీనీయులును అట్లే చేసిరి. వారి భాషలో "జియావ్" అను మాట మొదట సిచువాన్ మిరియమునకు పేరు. మిరపకాయ వచ్చిన పిదప దానిని "ఫాన్ జియావ్", అనగా పరదేశపు మిరియము అని పిలిచిరి. 1591 నాటి ఒక చీనా గ్రంథములో దాని ప్రస్తావన కలదు. అప్పటికి అది కంటికి ఇంపైన మొక్క మాత్రమే. వంటింటి లోనికి వచ్చుటకు చాల కాలము పట్టెను. పిమ్మట సిచువాన్ వారు దానిని తమదే యనుకొనిరి. సీమవారును తమదే యనుకొనిరి. రెండు జాతులును ఒకే పరదేశిని ఇంటికి పిలిచి, ఒకే విధముగా పేరుపెట్టి, ఒకే విధముగా మరపునకు తెచ్చుకొన్నవి.

నాలుకను తిమ్మిరెక్కించు ఆ సిచువాన్ మిరియమునకు సైతము తెలుగునాట దాయాది కలదు. తూర్పు కనుమలలో పెరుగు ఒక ముండ్ల చెట్టు ఆ జాతిదే. పదునెనిమిదవ శతాబ్దపు చివరను సామర్లకోటలో నుండి ఉత్తర సర్కారుల వృక్షములను పరిశోధించిన రాక్స్‌బర్గు దానికి శాస్త్రీయ నామము పెట్టునపుడు స్థానికులు పలికిన పేరునే గ్రహించెను. "రచ్చమాను" అను తెలుగు మాటలోని మొదటి భాగము "రెట్సా" అను రూపమున నేటికిని ప్రపంచపు వృక్షశాస్త్ర గ్రంథములలో ఉన్నది. కొంకణ తీరమున దాని కాయలను చేపల కూరలో వేయుదురు. తెలుగువారు పేరు నిచ్చి, వాడుకను మరచిరి.

నూడుల్సు మాటయు ఇట్టిదే. సేమియాను పాయసము చేసికొని పండుగకు తిను ఇంటిలో పిండి తీగలు వింత కానేరవు. అంతకంటె విశేషమైన సంగతి వేరొకటి కలదు. చీనాలోని ఛింగ్‌హాయ్ రాష్ట్రమున లాజియా అనుచోట త్రవ్వకములలో బోర్లపడిన మట్టిగిన్నె క్రింద సుమారు నాలుగువేల యేండ్లనాటి నూడుల్సు దొరికినవని 2005లో "నేచర్" పత్రికలో పండితులు ప్రకటించిరి. అవి గోధుమతో చేసినవి కావనియు, కొర్రలు, వరిగెలు అను ధాన్యముల పిండితో చేసినవనియు వారు తెలిపిరి. ఆ పిండితో అంత పొడవైన తీగలు సాగునా యని తరువాత కొందరు సందేహించిరి. ఆ చర్చ శాస్త్రజ్ఞులది. కొర్ర ధాన్యము మొట్టమొదట సాగులోనికి వచ్చినది ఉత్తర చీనాలోనే యనుట మాత్రము విస్తారముగా అంగీకరింపబడిన విషయము. ఆ కొర్రయే కరవు కాలములలో రాయలసీమ ప్రాణములు నిలిపినది. నంద్యాల వ్యవసాయ పరిశోధన స్థానము వారు రూపొందించిన కొర్ర రకములలో ఒకదానికి "నరసింహరాయ" యనియు, మరియొకదానికి "కృష్ణదేవరాయ" యనియు పేర్లు కలవు. చీనాలో పుట్టిన గింజ సీమ మట్టిలో పండి, సీమ రాజుల పేర్లు తాల్చినది. ఇంతకంటె చుట్టరికము ఏమి కావలెను?

అనంతపురము, కడప ప్రాంతములలో బత్తాయిని "చీనీకాయ" యందురు. కావ్యములలో నాయికలు చీనాంబరములు కట్టుదురు. పండును, పట్టును స్వీకరించునపుడు అడ్డురాని దేశము, పళ్లెములో తిండి కనబడినంతనే అడ్డువచ్చుట న్యాయము కాదు. "రాయలసీమ" యను పేరే 1928లో నంద్యాల సభలో చిలుకూరి నారాయణరావుగారు సూచించినది. అంతకుముందు ఆ ప్రాంతము దత్తమండలములు. నూరేండ్ల క్రిందటి పేరు నేడు ప్రాణముతో సమానమైనది. అలవాటు పాతబడినంతనే సొంతమగును. క్రొత్తది పాతబడుటకు కొంత వ్యవధి నిచ్చుట మర్యాద.

కనుక మొదటి ఆక్షేపణ నిలువదు. నిజమునకు, ఆ మాట అన్నవారికిని దానిపై అంత పట్టుదల యుండదు. సాయంకాలము బజారులో ఫాస్టుఫుడ్డు బండి మీద కోడిగ్రుడ్డు నూడుల్సు కొని తెచ్చినచో అదే పెద్దలు ఆక్షేపింపరు. "పరాయి" యను మాట, రెండవ మాటకు వేసిన తెర మాత్రమే. తెర తొలగించినచో అచట నిలిచియున్నది పంది.

ఈ జంతువు విషయములో తెలుగు భాష రెండు నాలుకలతో మాట్లాడుచున్నది. సంస్కృతమున పిలిచినచో వరాహము, క్రోడము, ఆదివరాహము. అది అవతారము. అది చాళుక్యుల లాంఛనము, విజయనగర ప్రభువుల ముద్ర. ఆ బొమ్మ నుండియే బంగారు నాణెమునకు "వరహా" యని పేరు వచ్చెను. వరహాలయ్య, వరాహమ్మ యని బిడ్డలకు పేర్లు పెట్టుకొందురు. మాట విలువైనదని చెప్పుటకు "మాట వరహాల మూట" యని మెచ్చుకొందురు. అదే జంతువును అచ్చతెలుగున పిలిచినచో, అది తిట్టు. పాఠము అప్పగింపలేని బాలుని, మురికి బట్టతో వచ్చిన బాలుని, లావైన బాలుని ఆ పేరుతో పిలుచు ఉపాధ్యాయులు ఇంకను లేకపోలేదు. నోటిలో నాణెమైన మాట, అదే నోట ఉమ్మివేయు మాట యగుటకు కారణము జంతువు కాదు. ఆ జంతువుతో బ్రదుకువారు ఎవరో, ఆ కారణము వారియందున్నది.

చరిత్ర ఇట్లు గొంతు తగ్గించుకొని మాట్లాడలేదు. కృష్ణదేవరాయలు 1515లో అహోబిలమున నారసింహుని సేవించి కానుకలు సమర్పించెను. ఆయన కాలమున, 1520 ప్రాంతమున, విజయనగరమును చూచిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పేస్, ఆ నగర వీధులలో పందిమాంసమును అమ్మువారి యిండ్లను వర్ణించెను. ఆ మాంసము ఎంతో తెల్లగా, శుభ్రముగా నున్నదనియు, ఏ దేశమునను అంతకంటె మంచిది కానరాదనియు, పంది యొక్కటి నాలుగైదు పణములు చేయుననియు ఆతడు వ్రాసెను. కొంతకాలమునకు వచ్చిన నూనిజ్, విజయనగరపు రాజులు గోమాంసము తప్ప తక్కిన మాంసములు తిందురని చెప్పుచు పందిమాంసమును అందు చేర్చెను. వరాహము రాజముద్రగా నున్న పట్టణమున పందిమాంసము బహిరంగముగా, శుభ్రముగా అమ్మబడినది. ఆ రెంటిలో ఏదియు మరియొకదానికి అవమానమని అప్పటివారు తలపలేదు.

సాహిత్యమును గూర్చి చెప్పనక్కరలేదు. పాఠశాలలలో తిన్నని కథ చదువని తెలుగు విద్యార్థి యుండడు. పండ్రెండవ శతాబ్దపు అరవ పెరియపురాణమున చెప్పబడిన ఆ కథను, పదునారవ శతాబ్దమున ధూర్జటి శ్రీకాళహస్తీశ్వర మాహాత్మ్యమున తెలుగు చేసెను. కడప మండలములోని రాజంపేట ప్రాంతపు ఊటుకూరు తిన్నని యూరని అచటివారు చెప్పుకొందురు. ఆ బోయపిల్లవాడు అడవిపందిని వేటాడి, మాంసమును కాల్చి, మెత్తని తునకలు ఏవో తాను రుచిచూచి ఏరి, శివునికి ఆరగింపు పెట్టెను. పూజారి ఆ యెంగిలి మాంసమును చూచి గుండె బాదుకొనెను. కథ ముగియునప్పటికి దేవుడు ఎవరి పక్షమున నిలిచినదియు అందరికి తెలిసినదే. ఉపాధ్యాయుడు ఆ ఘట్టమును కన్నులు చెమర్ప బోధించును. విద్యార్థులు పరీక్షలో భక్తి గొప్పదని వ్రాసి మార్కులు తెచ్చుకొందురు. కాని ఆ మాంసము పేరు వచ్చినచోట గొంతు తడబడును. "మాంసము" అని మాత్రము చెప్పి ముందునకు సాగుదురు.

తడబడుటకు కారణమున్నది. ఆ తరగతిలోనే ఎరుకల వారి పిల్లవాడు ఒకడు కూర్చుండి యుండవచ్చును. సీమలో పందులను పెంచుట, బుట్టలు అల్లుట, ఎరుక చెప్పుట తరతరములుగా ఎరుకలవారి వృత్తులు. శ్రీనివాస కల్యాణ గాథలో సాక్షాత్తు వేంకటేశ్వరుడే ఎరుకలసాని వేషముతో ఆకాశరాజు అంతఃపురమునకు పోయి సోదె చెప్పును. దేవుడు వేసికొన్న ఆ వేషమును లోకము మెచ్చుకొనెను. ఆ వేషము పుట్టుకతో వచ్చినవారిని మాత్రము పొలిమేర ఆవల నుంచెను. తెల్లదొరల ప్రభుత్వము మరింత ముందునకు పోయి, 1911 నాటి చట్టము క్రింద వారిని నేరజాతిగా లెక్కవేసెను. అట్టి చట్టములు 1952 నాటికి దేశమంతట రద్దయినవి. చట్టము పోయినను చూపు పోలేదు. పందిమాంసమనగానే పెద్దల గొంతు తగ్గుట, ఆ చూపునకు మిగిలిన నీడ.

బడిలో ఆదివారము మరునాడు ఉపాధ్యాయుడు సరదాగా అడుగును: "నిన్న ఇంటిలో ఏమి వండినారు?" ఒకడు కోడికూర యనును. ఒకడు పొట్టేలు మాంసమనును. ఒకడు పప్పు, వడియములు అనును. పందికూర తిన్న బాలుడు "ఏమీ లేదు సార్" అనును. ఇంటిలో కడుపునిండ తిని వచ్చిన బిడ్డ, తిండి లేదని అబద్ధమాడును. తల్లి చేతివంటను దాచుకొనవలసిన స్థితి కంటె పసివానికి కష్టమైనది మరి యేమున్నది? ఆ అబద్ధమును ఆతనికి నేర్పినది ఏ పాఠ్యపుస్తకమును కాదు. తరగతిలోని నవ్వు నేర్పినది. అట్లు ఒకమారు తల్లి వంటను దాచినవాడు, పిమ్మట తల్లి మాటను దాచును. ఆపై తల్లినే దాచును. చదువు మనిషిని ఇంటికి దూరము చేయుచున్నదని పెద్దలు వాపోవుదురు గాని, ఆ దూరమునకు మొదటి అడుగు ఎచట పడినదో చూడరు.

ఇక్కడ చీనా వంటకము వలన కలిగిన విచిత్రము గమనింపదగినది. నగరమున వెలగల భోజనశాలలో దీపముల వెలుగున, పింగాణి గిన్నెలో వచ్చిన పందిమాంసమునకు గౌరవము కలదు. తిన్నవాడు దానిని చెప్పుకొనును. ఛాయాచిత్రము తీసి స్నేహితులకు పంపును. అదే మాంసము ఊరిచివరి గుడిసెలో మట్టికుండలో ఉడికినచో నీచము. అనగా, రోత మాంసమునందు లేదు. వెల గల చోట, పరదేశపు పేరుతో వచ్చినచో అది పోవుచున్నది. పరాయిదని యేవగించుకొనుట యొక తప్పు; పరాయిపేరు తగిలించుకొని వచ్చిన పిదప గాని పొరుగింటి తిండిని గౌరవింపకపోవుట అంతకంటె పెద్ద తప్పు. ఇంటిలో ఆ నూడుల్సు వండు యువకులు సైతము ఈ మాట ఆలోచింపవలెను. దూరపు సిచువాన్ కావడివాని వంటను మెచ్చుకొన్న నాలుక, ఊరిలోని ఎరుకల యింటి వంటను చిన్నచూపు చూచినచో, అది రసజ్ఞత కాదు, వేషము.

దీనికి ప్రతివాదములు లేకపోలేదు. మొదటిది ఆచారమునకు సంబంధించినది. అహోబిలము పుణ్యక్షేత్రము, అచట మాంసమును గూర్చిన మాటయే తగదని కొందరందురు. క్షేత్రమునకు నియమము లుండుట న్యాయమే. కోవెల ప్రాంగణమున కోవెల కట్టుబాటును పాటింపవలెను. అందు వాదమునకు తావులేదు. అట్లే శాకాహారుల యింటిలో వారి నియమమును, ముసల్మానుల యింటిలో వారి మతనిషేధమును మన్నించుట సభ్యత. పందిమాంసము వారికి నిషిద్ధము. ఆ నిషేధమును హేళన చేయుటయు, తినువానిని హేళన చేయుట వంటిదే. ఎవరిని బలవంతముగా తినిపింపవలెనని ఇచట వాదము కాదు. "నేను తినను" అను మాటకు సంపూర్ణ గౌరవము కలదు. "నీవు తిందువు గనుక తక్కువవాడవు" అను మాటకు మాత్రము గౌరవము లేదు. ఆ రెండు మాటలకు గల భేదమును బోధించుటయే నీతిబోధ.

రెండవ ప్రతివాదము ఆరోగ్యమునకు సంబంధించినది. ఇది తోసివేయదగినది కాదు. వీధులలో తిరిగి మలినములు తిను పందుల మాంసమున బద్దెపురుగు పిల్లదశలో నుండవచ్చును. ఉడికీ ఉడకని మాంసము తిన్నచో అది మనుష్యుని ప్రేగులలో పెరుగును. కనుక శుభ్రమైన శాలలలో, మంచి మేతతో పెంచిన పంది మాంసమునే కొనవలెను. కొట్టిన మాంసము లోపలి వేడిమి 71 డిగ్రీల సెంటిగ్రేడునకు చేరువరకు, ఎరుపు ఏ మాత్రము కానరాకుండ వండవలెను. సిచువాన్ పద్ధతిలో పొడిపొడిగా వేయించుట ఈ నియమమునకు చక్కగా సరిపోవును. పచ్చిమాంసము తాకిన కత్తిని, పీటను కడుగక కూరలకు వాడరాదు. అయితే మెదడునకు ప్రాకి మూర్ఛలు తెప్పించు వ్యాధి, మాంసము తినుట వలన నేరుగా రాదు. ఆ పురుగు గ్రుడ్లు మనుష్యుని మలము ద్వారా నీటిలో, ఆకుకూరలలో చేరి, కడుగని చేతులతో నోటిలోనికి పోవుట వలన వచ్చును. పుట్టుకతో శాకాహారియైన వానికిని అది రావచ్చును. కావున దోషము పందిపై మోపి ఊరుకొనుట చాలదు. మరుగుదొడ్లు, మంచినీరు, చేతులు కడుగుకొను అలవాటు వీనిని గూర్చి ఊరంతయు శ్రద్ధ వహింపవలెను. పందిని మురికి జంతువనుచు, మురికిని వీధిలోనికి వదలినది ఎవరో మరచుట తగదు.

వేటను గూర్చి యొక మాట. అడవిపందిని వేటాడుట పూర్వపు బోయలకు, చెంచులకు జీవనము. 1972లో వన్యప్రాణి సంరక్షణ చట్టము వచ్చిన పిదప నల్లమలలో అట్టి వేట నేరము. తిన్నని కథను మెచ్చుకొనుట ఆ చట్టమును మీరుటకు ప్రోత్సాహము కారాదు. నేటి వంటింటికి కావలసినది పెంపుడు పంది మాంసమే. దానికి అడవితో పని లేదు.

ఇట్లు చూచినచో ఉపాధ్యాయుడు చేయదగిన పని పెద్దది కాదు గాని, కష్టమైనది. తన నోటినుండి ఒక తిట్టును తీసివేయవలెను. తిన్నని పాఠము చెప్పునపుడు పందిమాంసమని స్పష్టముగా, తడబడక పలుకవలెను. వరహా నాణెమును గూర్చి చెప్పునపుడు ఆ వరాహమునకు తెలుగు పేరు పంది యని గుర్తుచేయవలెను. విద్యార్థులలో ఎవరైన నవ్వినచో, నవ్వును అదలించుట కంటె ఆ నవ్వు ఎచటినుండి వచ్చినదో వివరించుట మేలు. ఆహారమును గూర్చి వ్యాసము వ్రాయుమన్నప్పుడు "మీ యింటి వంట" యను శీర్షిక నిచ్చి, ప్రతి వంటను ఒకే గొంతుతో తరగతిలో చదివి వినిపింపవలెను. పందికూరను గూర్చి వ్రాసిన బాలుడు, అందు ఏ మసాలా ఎప్పుడు వేయవలెనో తల్లిని అడిగి తెలిసికొని వ్రాసినచో, ఆ రోజు ఆతని తల్లి కూడ బడికి వచ్చినట్లే.

చీనా లిపిలో "ఇల్లు" అను అర్థమిచ్చు అక్షరమొకటి కలదు. దానిని విడదీసి చూచినచో పైన ఇంటికప్పు, క్రింద పంది కనబడును. కప్పు క్రింద పంది యున్నచోటు ఇల్లు; అచట మనుష్యులు నిలకడగా బ్రదుకుచున్నారని, వారికి రేపటికి తిండి కలదని ఆ గుర్తునకు భావము చెప్పుదురు. మూడువేల యేండ్లుగా చీనా పిల్లలు ఇల్లు అని వ్రాసినప్పుడెల్ల పందిని వ్రాయుచున్నారు. ఎవరును సిగ్గుపడలేదు. తెలుగు అక్షరములలో అట్టి బొమ్మ లేదు. కాని ఎరుకలవారి గుడిసె ప్రక్కన పందులదొడ్డి యున్నచో, అదియు ఒక ఇల్లే యని, అచట బిడ్డకు ఫీజు కట్టుటకు, పుస్తకము కొనుటకు కావలసిన ధనము ఆ దొడ్డిలోనే పెరుగుచున్నదని గ్రహించుటకు బొమ్మ అక్కరలేదు.

ఏటేట సంక్రాంతి వెళ్లిన నాటినుండి అహోబిలేశుడు పారువేటకు బయలుదేరును. నలుబది దినములకు పైగా, ముప్పదికి పైబడిన పల్లెలలో పల్లకి తిరుగును. చెంచులక్ష్మిని చేపట్టిన స్వామి, బ్రహ్మోత్సవమున జరుగు తన కల్యాణమునకు అత్తవారివైపు చుట్టములను, ఊరూర ప్రజలను స్వయముగా పిలువ వచ్చునని అచటివారి నమ్మకము. చెంచులు ఆయనను బావ యని పిలిచి, విల్లు పట్టి ముందు నడతురు. కోవెలలో మడికట్టుకొని నైవేద్యము లందుకొను దేవుడు, ఏడాదికి ఒకమారు గడప దాటి, వేటగాండ్ర గుమ్మమువరకు పోవును. పోయి, పెండ్లికి రండని పిలుచునే గాని, నిన్న రాత్రి మీ కుండలో ఏమి ఉడికినదని అడుగడు.

ఆపాటి మర్యాద బడిలో పిల్లవానికి దక్కినచో చాలును. సోమవారమునాడు ఉపాధ్యాయుడు అడిగినప్పుడు ఆతడు తల యెత్తి "పందికూర సార్" అని చెప్పగలుగవలెను. ప్రక్కబల్ల మీది బాలుడు "మా అక్క నూడుల్సులో వేసింది" అని అందుకొనవలెను. పాఠము ఆ తరువాత మొదలుపెట్టవచ్చును.